ముందు రాత, తర్వాత రంగం

ధవళేశ్వరం

అల్లుడూ,

నీ ఉత్తరం అందింది. సీరియల్ వాళ్ళు పిలుస్తున్నారు, సినిమా మీద మనసుంది, కథలు వదలలేను, ఏం చెయ్యమంటావని అడిగావు. అన్నిట్లో వేలు పెడితే ఎందుకూ కొరగాకుండా పోతావని ఎవరో భయపెట్టారట. ఆ భయం వదిలెయ్. మన ఊళ్ళో పుట్టిన ముళ్ళపూడి వెంకటరమణగారి సంగతి చూడు.

1931లో ఇక్కడ పుట్టి, చిన్నతనంలోనే తండ్రిని పోగొట్టుకుని, తల్లి వెంట మద్రాసు చేరారాయన. 1945లో ‘బాల’ పత్రికలో మొదటి కథ. తర్వాత ఆంధ్రపత్రికలో ఉద్యోగం, సినిమా సమీక్షలు, బుడుగు కథలు. సినిమాకి మాటలు రాసేసరికి ముప్పై దాటాయి. అదీ 1962లో ‘రక్తసంబంధం’కి! నవ్వించే రచయితని పేరున్న మనిషి అన్నాచెల్లెళ్ళ కథతో జనాన్ని ఏడిపించాడు. మనుషులు ఎలా మాట్లాడతారో అప్పటికే చెవికి పట్టింది కనకే అది సాధ్యమైంది.

ఆయన రాసిన ‘ముత్యాల ముగ్గు’ సినిమా మళ్ళీ చూడు, ఈసారి కళ్ళు మూసుకుని విను. రావు గోపాలరావు వేసిన కాంట్రాక్టరు గొంతు పెంచడు, పళ్ళు నూరడు. తాపీగా, ముచ్చటగా, మన గోదావరి జిల్లాల యాసలో మాట్లాడతాడు. చెడ్డతనమంతా ఆ తాపీలోనే ఉంది. 1975 నాటి మాటలు ఇవాళ్టికీ జనం నోట్లో నానుతున్నాయంటే కారణం అదే. నాకైతే అంతకు మించిన పాఠం సినిమా స్కూల్లో కూడా దొరకదనిపిస్తుంది.

ఆ కలమే ఎన్.టి. రామారావుగారు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు చిన్న తరగతుల పిల్లలకి వీడియో పాఠాలు రాసింది. టీవీకి భాగవతం రాసింది, ‘కోతి కొమ్మచ్చి’గా సొంత కథా చెప్పింది. ఆయన 2011 ఫిబ్రవరిలో పోయారు. ఆయన రాసిన ‘శ్రీరామరాజ్యం’ సినిమా ఆ నవంబరులో వచ్చింది.

ఇలా పలు రంగాల్లో పనిచెయ్యడం మనకే ప్రత్యేకమనుకోకు. స్వీడన్‌లో ఎర్లాండ్ జోసెఫ్‌సన్ నటుడు, నవలలూ నాటకాలూ రాశాడు, 1966 నుంచి కొన్నేళ్ళ పాటు జాతీయ నాటకశాలకి అధిపతిగా ఉన్నాడు. స్నేహితుడు, దర్శకుడు బెర్గ్‌మన్ టీవీ కోసం తీసిన ‘సీన్స్ ఫ్రమ్ ఎ మ్యారేజ్’లో భర్త వేషం వేసింది ఆయనే. రమణగారికి స్నేహితుడు, దర్శకుడు బాపుగారు ఎలాగో ఆయనకి బెర్గ్‌మన్ అలాగ. నీ రాత బాగోలేనప్పుడు మొహం మీద చెప్పే స్నేహితుణ్ణి ఒకణ్ణి సంపాదించుకో.

సీరియల్ పని ఒప్పుకో. రోజూ గడువుకి రాయడం అలవాటవుతుంది. డబ్బెంతో, తెరమీద పేరెలా పడుతుందో ముందే కాగితం మీద రాయించుకో. సినిమా తియ్యడానికి మాత్రం అమ్మ పొలం జోలికి పోకు. నిర్మాతగా రమణగారంతటి వారే నష్టాలు చూశారు.

కిందటి నెల పంపిన నీ లాకుల దగ్గర కథ బాగుంది. దాన్నే మాటలతో పది సీన్లుగా రాసి దసరా లోపల నాకు పంపు.

మీ మావయ్య