కౌజుపిట్ట: పేరు, వంశము

తార్నాక వైపు నుండి గాని, అంబర్‌పేట వైపు నుండి గాని ఉస్మానియా విశ్వవిద్యాలయ ప్రాంగణంలోకి తెల్లవారుజామున నడచి వచ్చేవారికి, తుప్పలలో నుండి వినవచ్చే ‘తీ-తర్, తీ-తర్’ అన్న కూత పరిచితమే. మా ఉర్దూ మిత్రులు ఆ పక్షిని తీతర్ అనే పిలుస్తారు. సంస్కృతంలోని తిత్తిరి కూడ ఈ కూతకు అనుకరణమే. తెలుగులో అది కౌజు. 1862-64లో వెలువడిన జెర్డాన్ భారత పక్షుల గ్రంథంలో ఈ తెలుగు పేరు నమోదై ఉన్నది.

నెమలి, అడవికోడి, బటేరులతో పాటు కౌజు కూడ ఫెజెంట్ల కుటుంబమైన ఫాసియానిడేకు చెందినది. పొట్టి గుండ్రని రెక్కలు, నేలను గీరే బలమైన కాళ్లు, పుట్టిన కొద్దిసేపటికే పరుగెత్తే పిల్లలు ఆ కుటుంబ లక్షణాలు. అయితే ప్రజాతి విషయంలో నిలకడ లేదు. 1789లో గ్మెలిన్ దీనిని పాండిచ్చేరి పేర టెట్రావో పాండిసెరియానస్ అన్నాడు. జెర్డాన్ ఆర్టిగార్నిస్ అన్నాడు. ఇరవయ్యవ శతాబ్దపు పుస్తకాలు ఫ్రాంకోలైనస్ అన్నవి. ఆ ప్రజాతిలోని పక్షులన్నీ ఒకే వంశం కావని డి.ఎన్.ఏ. పరిశీలనలు తేల్చగా, ఇటీవల ఆర్టిగార్నిస్ తిరిగి వచ్చినది. పాండిచ్చేరి మాత్రం చెదరలేదు. మొదట పెట్టిన జాతినామాన్ని వదలరాదన్న నియమమే అందుకు కారణం.

రూపసామ్యాన్ని నమ్మరాదు. బటన్ క్వెయిల్ అచ్చం బటేరువలె ఉంటుంది. కాని దానికి వెనుక వ్రేలు లేదు. ఆడపక్షికే రంగులెక్కువ, మగపక్షి గ్రుడ్లు పొదుగుతుంది! వంశరీత్యా అది చెరువుగట్టు తీతువుకు దగ్గరి చుట్టం.

శాస్త్రనామాలకు నియమాలున్నవి, తెలుగు పేర్లకు అవి లేవు. నేడు నగరంలో ‘కౌజుపిట్టల మాంసం’ అని అమ్మేది ఫారాలలో పెంచే జపాను బటేరు. దానిని అమ్మడం వ్యాపారం. అడవి కౌజును ఉచ్చు వేసి పట్టడం 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. ఒకే పేరు రెంటికీ చెల్లితే వలవేసే వానికి అది సాకు కాగలదు. కౌజు అన్న మాటను తుప్పల పక్షికే ఉంచి, ఫారం పక్షిని జపాను బటేరు అనడం మేలని మా అభిప్రాయం.

పోల్చుకోవడం కష్టం కాదు. ఫారం పక్షి జానెడు మించదు. కౌజు సుమారు ఒక అడుగు ఉంటుంది. గొంతు చుట్టూ సన్నని నల్లని గీత, ఎగిరినప్పుడు తోకలో ఇటుకరంగు, మగపక్షి కాళ్లకు ముల్లు కనిపిస్తాయి.