గడియారం – నమాజు వేళలు

నమాజు విశ్వాసులపై నిర్ణీత వేళల్లో విధి చేయబడిందని దివ్య ఖుర్‌ఆన్‌లోని అన్నిసా సూరా 103వ ఆయత్ తెలుపుతోంది. మనం సంవత్సరాల లెక్క తెలుసుకోవడానికే చంద్రునికి దశలను నిర్ణయించినట్లు యూనుస్ సూరా 5వ ఆయత్ బోధిస్తోంది. ఆరాధనల్లో అల్లాహ్‌కు ఎక్కువ ప్రియమైనది ఏదని అడిగినప్పుడు, వేళకు చేసే నమాజు అని దైవప్రవక్త (స) జవాబిచ్చారు (బుఖారీ). కనుక వేళను సరిగ్గా తెలుసుకోవడం కూడా ధర్మంలో భాగమే. వేళను నిర్ణయించేది సూర్యుడు. దాన్ని మనకు తెలియజేసే పనిముట్టు గడియారం.

నీడతో మొదలైన లెక్క

హజ్రత్ జిబ్రీల్ (అ.స) కాబా దగ్గర రెండు రోజులు దైవప్రవక్త (స)కు నమాజు చేయించి, మొదటి రోజు తొలి వేళలనూ, రెండవ రోజు తుది వేళలనూ చూపించారు. ఆ కొలతలకు ఆధారం నీడ. సూర్యుడు నడినెత్తి నుంచి వాలగానే జుహ్ర్ మొదలవుతుంది. నడిమధ్యాహ్నపు నీడను మినహాయించి, వస్తువు నీడ దానంత పొడవైనప్పుడు అస్ర్ వేళ వస్తుందని అధిక సంఖ్యాకులైన ఇమాములు అన్నారు. రెండింతలైనప్పుడు అన్నది ఇమాం అబూ హనీఫా (రహ్మ) గారి ప్రసిద్ధ అభిప్రాయం.

ఆదోని, ఎమ్మిగనూరు, గూడూరు ప్రాంతాల్లో దీన్ని ఎవరైనా చూడవచ్చు. చదునైన నేలపై ఒక కర్రను నిటారుగా నాటండి. నీడ అన్నిటికంటే పొట్టిగా ఉన్న క్షణం దాటాక, మళ్ళీ పెరగడం మొదలైతే జవాల్ దాటినట్లే. మే మొదటి వారంలోనూ, ఆగస్టు రెండవ వారంలోనూ ఇక్కడ నడిమధ్యాహ్నం నీడ దాదాపు కనిపించదు. ఆ రెండు వారాల మధ్య కాలంలో నీడ దక్షిణానికి పడుతుంది.

వేళలు చూసే ఉద్యోగం

మదీనాలో ఫజ్ర్ అజాన్ చెప్పే హజ్రత్ ఇబ్నె ఉమ్మె మక్తూమ్ (రజి) అంధులు. తెల్లవారిందని ప్రజలు చెప్పిన తర్వాతే ఆయన అజాన్ ఇచ్చేవారు. సమాజం ఆయనకు కళ్ళయింది. తర్వాతి కాలంలో పెద్ద మసీదుల్లో ‘మువఖ్ఖిత్’ అనే పండితుడు వేళలు లెక్కించేవాడు. డమాస్కస్‌లోని ఉమయ్యద్ మసీదు మువఖ్ఖిత్ ఇబ్నుష్షాతిర్ (మరణం 1375) 1371లో మినారుపై పెట్టడానికి ఒక గొప్ప నీడ గడియారం తయారు చేశాడు. అంతకు ముందే అల్ జజరీ నీటితో నడిచే గడియారాల నిర్మాణాన్ని 1206లో పూర్తి చేసిన తన గ్రంథంలో బొమ్మలతో సహా వివరించాడు.

వాచీ లోపల

హాలండ్‌కు చెందిన హైగెన్స్ 1656లో లోలకం గడియారాన్ని, 1675లో చుట్టు స్ప్రింగు ఉన్న చక్రాన్ని తెచ్చాక లెక్క నిమిషాలకు దిగింది. చావి ఇస్తే ప్రధాన స్ప్రింగు చుట్టుకుంటుంది. అది విడిపోయే బలాన్ని పళ్ళ చక్రాలు ముళ్ళకు అందిస్తాయి. ఆ బలమంతా ఒక్కసారిగా పోకుండా చిన్న లంగరు ఆపి ఆపి వదులుతుంది. ‘టిక్ టిక్’ శబ్దం అదే. చాలా పాత చేతి గడియారాల్లో ఇది సెకనుకు ఐదు సార్లు జరుగుతుంది. క్వార్ట్జ్ వాచీలో స్ఫటికం సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది.

చార్మినార్‌కు 1889లో గడియారాలు అమర్చారు. బెంగళూరులో హెచ్ఎంటీ వాచీ కర్మాగారం 1961లో మొదలైంది. ఎన్నో ఇళ్ళలో నాన్నగారి చేతికి ఉన్న వాచీ అదే. దాన్ని విప్పి, కంటికి భూతద్దం పెట్టుకుని నూనె చుక్క వేసే మెకానిక్ పనిలో అమానతు ఉంది. లోపల ఏ భాగం తీశాడో, ఏది పెట్టాడో యజమానికి తెలియదు, అల్లాహ్‌కు తెలుసు. మంచి భాగం తీసి పాతది పెట్టడం మోసం. మోసగించినవాడు మనలోని వాడు కాడని దైవప్రవక్త (స) హెచ్చరించారు (ముస్లిం).

మన ఊరి వేళ ఏది?

1906 జనవరి 1 నుంచి భారత ప్రామాణిక సమయం అమలులోకి వచ్చింది. ఇది 82.5 డిగ్రీల రేఖాంశం ప్రకారం నడుస్తుంది. ఆ రేఖ మన రాష్ట్రంలో కాకినాడకు దగ్గరగా పోతుంది. ఒక్కో డిగ్రీ పడమరకు పోతే సూర్యుడు నాలుగు నిమిషాలు ఆలస్యం. అందువల్ల ఆదోనిలో నడిమధ్యాహ్నం 12 గంటలకు కాదు, సంవత్సరంలో 12:05 నుంచి 12:35 మధ్య మారుతూ వస్తుంది. గూడూరులో అంతకంటే సుమారు రెండు నిమిషాలు ముందు.

ఇక అసలు విషయానికి వద్దాం. కొన్ని ఇళ్ళలో హైదరాబాద్ పట్టికను, లేదా టీవీలో అక్కడి అజాన్‌ను చూసి ఇఫ్తార్ చేస్తారు. ఆదోనిలో సూర్యాస్తమయం హైదరాబాద్ కంటే జూన్‌లో ఒకటి రెండు నిమిషాలు, మార్చిలో సుమారు ఐదు నిమిషాలు, డిసెంబరులో ఎనిమిది నిమిషాల వరకు ఆలస్యం. 2030లో రమజాన్ జనవరిలోనూ, డిసెంబరులోనూ రానుంది. అప్పుడు తేడా మరింత ఎక్కువ. సూర్యుడు అస్తమించక ముందే తిన్నవారు, పొరపాటున తిన్నా సరే, ఆ రోజాను ఖజా చేయాలని మన హనఫీ ఉలమా చెబుతారు. రోజంతా ఆకలిదప్పులు భరించి, చివరి ఐదు నిమిషాల్లో దాన్ని పోగొట్టుకోవడం ఎంత నష్టం!

అలాగని చీకటి పడేదాకా ఆగడమూ సున్నత్ కాదు. ఇఫ్తార్‌కు త్వరపడినంత కాలం ప్రజలు మేలులో ఉంటారని దైవప్రవక్త (స) సెలవిచ్చారు (బుఖారీ, ముస్లిం). అస్తమయం ఖాయం కాగానే ఖర్జూరం అందుకోవాలి.

మనం చేయవలసినవి

1. మన ఊరికోసం లెక్కించిన పట్టికనే వాడాలి. ఫోనులో చూసేవారు ఊరి పేరు సరిగ్గా ఉందో లేదో, అస్ర్‌కు హనఫీ లెక్క ఎంచుకున్నారో లేదో చూడాలి.
2. మసీదు గడియారాన్ని కమిటీ వారు వారానికొకసారి సరిచేయాలి.
3. మైదానంలో నిలబడి సూర్యాస్తమయాన్ని, కర్ర నీడను పిల్లలకు చూపించాలి. ఫిఖ్హ్ పుస్తకంలోని మాట అప్పుడు వారి మనసులో నిలుస్తుంది.
4. పట్టికలో అనుమానం ఉంటే ఇంట్లో వాదించుకోకుండా స్థానిక ఆలిమ్‌ను అడగాలి.

ఆరోగ్యం, తీరిక అనే రెండు వరాల విషయంలో చాలామంది నష్టపోతున్నారని దైవప్రవక్త (స) తెలిపారు (బుఖారీ). అల్లాహ్ అస్ర్ సూరాలో కాలంపైనే ప్రమాణం చేశాడు. చావి ఇస్తే గడియారం మళ్ళీ నడుస్తుంది. గడిచిన ఘడియ మాత్రం తిరిగి రాదు. మన నమాజులను వాటి వేళల్లో, మన రోజాలను వాటి హద్దుల్లో నెరవేర్చే భాగ్యాన్ని అల్లాహ్ మనకు ప్రసాదించుగాక. ఆమీన్.