స్ఫటిక గాయకులు: ఒక కల్పిత వృత్తి, కొన్ని నిజమైన ప్రశ్నలు

గాయకుడంటే వినేవాళ్ళ కోసం పాడేవాడని మన అభిప్రాయం. వినేవాళ్ళే లేని కొండల్లో, రాయి కోసం పాడే వృత్తి ఒకటుంటే ఎలా ఉంటుంది? అటువంటి వృత్తిని ఊహించిన రచయిత్రి ఆన్ మెకాఫ్రీ. 1926లో అమెరికాలో పుట్టి, తర్వాత ఐర్లండులో స్థిరపడి, 2011లో కన్నుమూసిన ఈమె స్వయంగా గాత్రసంగీతం నేర్చుకున్నారు. 1982లో వచ్చిన 'క్రిస్టల్ సింగర్' నవలకు 'కిల్లషాండ్రా' (1985), 'క్రిస్టల్ లైన్' (1992) కొనసాగింపులు. సైన్సు విద్యార్థిగా నాకు ఇందులో కనిపించిన విషయాలను ఇక్కడ మనవి చేస్తాను.

వృత్తి స్వరూపం

కథానాయిక కిల్లషాండ్రా రీ పదేళ్ళు సంగీతం నేర్చుకుంటుంది. చివరకు ఆమె గొంతులో జీర ఉందనీ, అగ్రశ్రేణి గాయని కాలేదనీ తేల్చేస్తారు. అప్పుడామె బాలీబ్రాన్ అనే గ్రహం మీద హెప్టైట్ గిల్డ్ అనే వృత్తిసంఘంలో చేరుతుంది. అక్కడ గాయకుడు కొండచరియ ముందు నిలబడి స్వరం ఎత్తుతాడు. లోపలి స్ఫటికం బదులు పలుకుతుంది. ఆ స్వరానికి ధ్వనికత్తిని శ్రుతి చేసి రాతిని కోస్తాడు. శ్రుతి తప్పితే సరుకు పాడైనట్లే. అందుకే ఏ ఆధారమూ లేకుండా స్వరస్థానం గుర్తుపట్టగలవాడే ఈ పనికి అర్హుడు.

ఈ రాళ్ళకు అంత గిరాకీ ఎందుకు? సూర్యుడి తర్వాత మనకు అతి దగ్గరి నక్షత్రం ప్రాక్సిమా సెంటారి సుమారు 4.24 కాంతి సంవత్సరాల దూరాన ఉంది. "సరుకు ధరెంత?" అని రేడియోలో అడిగితే జవాబు రావడానికి ఎనిమిదిన్నరేళ్ళు పడుతుంది. ఏ వ్యాపారి అన్నాళ్ళు ఆగుతాడు? నవలలో దీనికి మందు నల్ల స్ఫటికం. ఒకే తల్లిరాయి నుంచి కోసిన ముక్కలు ఎంత దూరంలో ఉన్నా తక్షణం కబురు అందిస్తాయి. అందువల్ల నక్షత్రాల మధ్య వ్యాపారమంతా కొద్దిమంది గొంతు మీద ఆధారపడి ఉంటుంది.

సైన్సు ఎంత, ఊహ ఎంత?

రాయి బదులు పలకడం పూర్తిగా కల్పన కాదు. ప్రతి వస్తువుకూ సహజ పౌనఃపున్యం ఉంటుంది. బయటి ధ్వని దానితో కలిస్తే కంపనపరిమితి పెరుగుతుంది. ఇదే అనునాదం. లాబులో శ్రుతిదండాన్ని సోనోమీటరు పెట్టె మీద ఆనించగానే తీగమీది కాగితం రైడరు ఎగిరిపడటం మనమంతా చూసిందే. స్ఫటికాన్ని నొక్కితే విద్యుదావేశం పుడుతుందని క్యూరీ సోదరులు 1880లో కనుగొన్నారు. చేతిగడియారంలోని క్వార్ట్జ్ ముక్క సాధారణంగా సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది. ఆ సంఖ్యను 15 సార్లు సగం చేస్తే ఒకటి వస్తుంది, అదే సెకను. ఇక తక్షణ వార్త మాత్రం ఊహే. కాంతికంటే వేగంగా కబురు పంపడం సాపేక్ష సిద్ధాంతానికి విరుద్ధం.

బాలీబ్రాన్ గాలిలో ఒక సూక్ష్మజీవి ఉంటుంది. అది ఒంట్లో ఇమడకపోతే కొందరు చనిపోతారు, కొందరికి చెవుడు వస్తుంది. ఇమిడితే గాయాలు త్వరగా మానుతాయి, ఆయుష్షు పెరుగుతుంది. వేరుశనగ వేళ్ళ బుడిపెల్లో రైజోబియం బాక్టీరియా నత్రజని అందించి, మొక్క నుంచి ఆహారం పుచ్చుకుంటుంది కదా, ఇదీ అటువంటి సహజీవనమే.

చెల్లించే ధర

అయితే ఇక్కడ మనిషి చెల్లించేది చాలా ఎక్కువ. గ్రహం విడిచి ఎక్కువకాలం ఉండలేడు. పిల్లలు పుట్టరు. అన్నిటికన్నా ఘోరం, జ్ఞాపకశక్తి పోతుంది. మంచి రాయి దొరికిన చోటు తోటివాళ్ళకు చెప్పడు, చివరకు తనే మరచిపోతాడు. మనుషుల్నీ మరచిపోతాడు.

దీనికి తోడు అప్పు. విమానం, కత్తి గిల్డే సమకూర్చి, ఆ ఖర్చు సరుకు ధరలో మినహాయించుకుంటుంది. తుఫాను వస్తే ఉత్తచేతులతో రావాలి, అప్పు మాత్రం అలాగే ఉంటుంది. మాది వ్యవసాయ కుటుంబం. విత్తనం, ఎరువు అరువిచ్చి పంట తమ కొట్టుకే తోలమనే పద్ధతి చూస్తూ పెరిగినవాణ్ణి కాబట్టి, ఈ పేజీలు నాకు వేరే గ్రహం సంగతిలా అనిపించలేదు.

స్ఫటికం వాసన తగిలిన నిజమైన జబ్బూ ఒకటుంది. క్వార్ట్జ్ అంటే సిలికా. రాళ్ళు కోసేచోట ఆ దుమ్ము ఏళ్ళతరబడి పీల్చిన కార్మికుడి ఊపిరితిత్తులు గట్టిపడిపోతాయి. దాని పేరు సిలికోసిస్. పాడైన ఊపిరితిత్తిని తిరిగి బాగుచేసే మందు లేదు. దుమ్ము లేవకుండా నీళ్ళు చల్లుతూ కోయడం, గాలి తోడే యంత్రాలు, సరైన మాస్కులు, ఇవే రక్ష.

నవలలో ఒక మంచి నియమం ఉంది. చేరేవాళ్ళకు ప్రమాదాలన్నీ ముందే విప్పి చెప్పి తీరాలి. అయినా కిల్లషాండ్రా చేరింది. ఎందుకని? నేర్చుకున్న విద్యకు ఉన్న ఒక్క తలుపూ మూసుకుపోయింది గనుక. రెండో దారి లేనివాడికి ప్రమాదం చదివి వినిపించినంత మాత్రాన న్యాయం జరిగినట్టు కాదని నా అభిప్రాయం.

రేపు మనలో కొందరు ఫ్యాక్టరీల్లో, గనుల్లో, లాబుల్లో అధికారులవుతాం. మన ముందు సంతకం పెట్టే కూలీని "అన్నీ చెప్పాం, ఒప్పుకున్నాడు" అని వదిలేయకుండా, అతని ఊపిరి నిలిచే ఏర్పాటు చేశామా లేదా అని కూడా చూసుకోవాలి. మనం చదువుతున్న సైన్సు ఆ పనికి సరిపోతుంది.