రైలు ప్లాట్‌ఫాం దాటడానికి ఎంతసేపు? కాలం–దూరం లెక్కలు చేసే పద్ధతి

కాలం–దూరం లెక్కలకు సూత్రం ఒక్కటే. వేగాన్ని కాలంతో గుణిస్తే దూరం వస్తుంది. మిగతా రెండూ అందులోంచి పుట్టేవే: దూరాన్ని కాలంతో భాగిస్తే వేగం, వేగంతో భాగిస్తే కాలం. ఇది బడిపిల్లలకూ నోటికి వస్తుంది. అయినా పోటీ పరీక్షల్లో ఈ లెక్కల దగ్గర మార్కులు పోతూనే ఉంటాయి. సూత్రం రాక కాదు, అందులో ఏ దూరం వేయాలో తేల్చుకోకుండా కంటబడ్డ అంకెను వేసేయడం వల్ల.

ముందు లెక్కను రెండుసార్లు చదవండి. వేగం, కాలం, దూరం అని మూడు మాటలు కాగితం మీద రాసుకుని, ఇచ్చినవాటి పక్కన అంకె, అడిగినదాని పక్కన ప్రశ్నార్థకం పెట్టండి. పెన్ను పట్టకుండా మనసులోనే కానిచ్చేద్దామనుకునేవాళ్లే ఎక్కువగా తడబడతారు.

తర్వాత ప్రమాణాలు కలిశాయో లేదో చూడాలి. వేగం గంటకు కిలోమీటర్లలోనూ, పొడవు మీటర్లలోనూ ఉంటే రెంటినీ ఒక దారికి తేవాలి. కిలోమీటరుకు 1000 మీటర్లు, గంటకు 3600 సెకన్లు. 1000ని 3600తో భాగిస్తే 5/18. అందుకే గంటకు ఇన్ని కిలోమీటర్లు అన్నదాన్ని 5/18తో గుణిస్తే సెకనుకు ఇన్ని మీటర్లు అవుతుంది. 54 కిలోమీటర్ల వేగమంటే సెకనుకు 15 మీటర్లు. గంటలు, నిమిషాలతోనూ జాగ్రత్త. రెండున్నర గంటలంటే 2.5, 2.30 కాదు. 2 గంటల 20 నిమిషాలైతే దశాంశాల జోలికి పోకుండా 7/3 గంటలని రాసుకోవడమే మేలు.

ఇక అసలు సంగతి, దూరం. 300 మీటర్ల రైలు గంటకు 54 కిలోమీటర్ల వేగంతో పోతోంది. పట్టాల పక్కనున్న స్తంభాన్ని ఎంతసేపట్లో దాటుతుంది? ఇంజను ముక్కు స్తంభం దగ్గరకు వచ్చినప్పుడు మొదలై, చివరి పెట్టె తోక స్తంభాన్ని వదిలినప్పుడు దాటడం పూర్తవుతుంది. అంటే రైలు తన పొడవంత, 300 మీటర్లు కదలాలి. 300ని 15తో భాగిస్తే 20 సెకన్లు.

అదే రైలు 450 మీటర్ల ప్లాట్‌ఫాంను దాటాలంటే? ఇంజను ప్లాట్‌ఫాం చివరకు చేరేసరికి పెట్టెలన్నీ ఇంకా ప్లాట్‌ఫాం పక్కనే ఉంటాయి. తోక కూడా బయటపడాలి కాబట్టి 450కి 300 కలపాలి. 750ని 15తో భాగిస్తే 50 సెకన్లు. రాజమండ్రి దగ్గర గోదావరి మీది రైలు వంతెనకూ ఇదే లెక్క. వంతెన పొడవు 2,700 మీటర్లు అనుకుందాం. రైలును కలిపితే 3,000, అంటే 200 సెకన్లు, 3 నిమిషాల 20 సెకన్లు. కిటికీ పక్క కూర్చున్న ప్రయాణికుడికి మాత్రం 180 సెకన్లే. మనిషికి పొడవు లెక్కలోకి రాదు కదా!

రెండు వాహనాలు ఎదురెదురుగా వస్తే వేగాలు కూడాలి, ఒకే దిక్కుకు పోతుంటే తీసేయాలి. హైదరాబాద్–విజయవాడ దూరం 275 కిలోమీటర్లనుకోండి. హైదరాబాద్‌ నుంచి కారు గంటకు 60, విజయవాడ నుంచి బస్సు గంటకు 50 కిలోమీటర్ల వేగంతో ఒకేసారి బయల్దేరాయి. ఎంతసేపటికి ఎదురవుతాయి? మధ్య దూరం గంటకు 110 చొప్పున తరుగుతుంది. 275ని 110తో భాగిస్తే రెండున్నర గంటలు. అప్పటికి కారు 150 కిలోమీటర్లు వచ్చి ఉంటుంది, సూర్యాపేట దాటేసి ఉంటుందన్నమాట.

సగటు వేగం లెక్కలో పరీక్ష పెట్టేవాళ్లు ఇష్టంగా పన్నే వల ఒకటుంది. వెళ్లేటప్పుడు 60, అదే దారిలో తిరిగొచ్చేటప్పుడు 40 అంటే సగటు 50 అనిపిస్తుంది. దూరం 120 అనుకుని చూడండి. పోవడానికి 2 గంటలు, రావడానికి 3. మొత్తం 240 కిలోమీటర్లకు 5 గంటలు పట్టింది, సగటు 48. మొత్తం దూరాన్ని మొత్తం కాలంతో భాగించాలే తప్ప, వేగాలను కూడి సగం చేయకూడదు.

ఇప్పుడు మీరే ఒకటి చేయండి. 240 మీటర్ల రైలు స్తంభాన్ని 12 సెకన్లలో, అదే వేగంతో ఒక ప్లాట్‌ఫాంను 33 సెకన్లలో దాటింది. ప్లాట్‌ఫాం పొడవెంత? జవాబు 420 మీటర్లు. మీకు 660 వచ్చిందంటే రైలు పొడవు తీసేయడం మరిచారన్నమాట.