అపరిచిత గొంతులతో మాటామంతీ: షరీఅత్ ఏమంటోంది?

అల్లాహ్ మనిషికి ప్రసాదించిన వరాలలో మాట ఎంతో గొప్పది. మానవుణ్ణి సృష్టించి అతనికి మాట్లాడటం నేర్పానని సూరా రహ్మాన్ ఆరంభంలోనే ఆయన గుర్తుచేశాడు. ఇంత గొప్ప వరానికి లెక్క చెప్పే రోజు కూడా ఉంది. మనిషి నోట వెలువడే ప్రతి మాటనూ నమోదు చేసేందుకు ఒక పర్యవేక్షకుడు సిద్ధంగా ఉంటాడని సూరా ఖాఫ్ (50:18) హెచ్చరిస్తోంది.

ఈనాడు మాటకు ఒక కొత్త దారి తెరుచుకుంది. ఫోనులో ఒక యాప్ వేసుకుని, ఏదో ఒక పేరు పెట్టుకుని, ముఖం చూపకుండా, ఊరు చెప్పకుండా, ముక్కూమొహం తెలియని వారితో గంటల తరబడి మాట్లాడవచ్చు. ఇది నిన్నమొన్న పుట్టిన వ్యవహారం కాదు. యాహూ మెసెంజర్‌లోని బహిరంగ చాట్ గదులు 2012 డిసెంబరులో మూతపడే వరకు ఎందరికో కాలక్షేపమయ్యాయి. అపరిచితులను జతచేసే ఒమెగల్ 2009లో మొదలై, పిల్లలపై లైంగిక వేధింపుల కేసుల నేపథ్యంలో 2023 నవంబరులో మూతపడింది. గొంతు ఒక్కటే వినిపించే క్లబ్‌హౌస్ 2020లో వచ్చింది. ఒకటి మూతపడితే మరొకటి వస్తోంది. కనుక మనం చర్చించవలసింది ఫలానా యాప్ గురించి కాదు, ఆ అలవాటు గురించి.

ఈ అలవాటులో పడేవారందరూ చెడ్డవారేమీ కాదు. హాస్టలు గదిలో ఒంటరిగా ఉన్న విద్యార్థి, గల్ఫ్‌లో పని ముగించుకుని గదికి చేరిన కార్మికుడు, మనసులో మాట వినేవారు లేని కోడలు, ఇంట్లో ఎప్పుడూ తిట్లే వినే పిల్లవాడు - వీరికి కావలసింది తమ గోడు వినే ఒక మనిషి. ఆ అవసరం నిజమైనదే. కానీ దాహం నిజమైనదైనంత మాత్రాన దొరికిన ప్రతి నీరూ తాగదగినది కాదు కదా!

'ఎవరది?' అన్న ప్రశ్న

హజ్రత్ జాబిర్ బిన్ అబ్దుల్లాహ్ (రజి) తన తండ్రి అప్పు విషయమై ఒకసారి దైవప్రవక్త (స) ఇంటికి వెళ్లి తలుపు తట్టారు. లోపలి నుంచి 'ఎవరు?' అని ప్రశ్న వచ్చింది. 'నేను' అన్నారు జాబిర్. దైవప్రవక్త (స) ఆ 'నేను' అనే మాటనే తిరిగి పలికారు. ఆ జవాబు ఆయనకు నచ్చలేదని జాబిర్ గ్రహించారు (బుఖారీ, ముస్లిం).

ఇక్కడ కాస్త ఆగి ఆలోచించండి. వచ్చింది శత్రువు కాదు, ప్రియ సహచరుడు. వచ్చిన పని ధర్మసమ్మతమైనది. అయినా పేరు చెప్పకుండా 'నేను' అనడం సభ్యత కాదని మనకు తెలుస్తోంది. ఇతరుల ఇళ్లలోకి అనుమతి తీసుకుని, సలాం చెప్పిన తర్వాతే ప్రవేశించాలని సూరా నూర్ (24:27) ఆదేశిస్తోంది. పేరు తెలియని గొంతు చేస్తున్నదేమిటి? వీధి తలుపు తట్టకుండా, ఇంటిపెద్దకు సలాం చెప్పకుండా, నేరుగా మన పిల్లల పడకగదిలోకి వస్తోంది. 'ఎవరు?' అంటే 'నేను' అన్న జవాబు కూడా నిజంగా రాదు. ఒక కల్పిత పేరు వస్తుంది.

మరో సంఘటన కూడా గమనించండి. రమజాన్ చివరి దినాల్లో దైవప్రవక్త (స) ఏతెకాఫ్‌లో ఉండగా ఆయన సతీమణి హజ్రత్ సఫియ్యా (రజి) చూడటానికి వచ్చారు. ఆమెను సాగనంపుతుండగా ఇద్దరు అన్సారీలు గబగబా అటుగా వెళ్లారు. ఆయన వారిని ఆపి, ఈమె సఫియ్యా అని స్వయంగా చెప్పారు. షైతాన్ వారి మనసుల్లో ఏదైనా దురాలోచన వేస్తాడేమోనని ఆయన జాగ్రత్తపడ్డారు (బుఖారీ, ముస్లిం). మన ఆదర్శ ప్రవక్త తన పక్కనున్నది ఎవరో అడగకముందే చెప్పారు. మనమేమో అడిగినా దాచిపెట్టే సంభాషణల్లో మునిగి ఉంటే, ఆ దారి ఎటు పోతోందో మనకే తెలియాలి.

గొంతు దాగుతుందా?

'నా నంబరు కనిపించదు, నా పేరు తెలియదు, భయమెందుకు?' అని యువకులు అనుకుంటారు. ఇది పొరపాటు. అవతలివారికి నంబరు కనిపించకపోవచ్చు గానీ యాప్ నడిపేవారి వద్ద వివరాలు సాధారణంగా ఉంటాయి. అవతలివారు పక్కన మరో ఫోను పెట్టుకుని మొత్తం రికార్డు చేసుకోవచ్చు. ఇక గొంతే ఒక చిరునామా. రెండు ముక్కలు మాట్లాడగానే రాయలసీమా, కోస్తానా, తెలంగాణమా తెలిసిపోతుంది. హైదరాబాదు దక్కనీ యాసను గుర్తుపట్టడానికి ఎంతసేపు కావాలి? వెనుక వినిపించే అజాన్, తమ్ముణ్ణి పిలిచే అమ్మీ గొంతు, కాలేజీ బస్సు సంగతి - వీటన్నింటినీ ఏరుకుని పోగుచేసుకునేవాడికి పేరు చెప్పనవసరం లేదు.

2022 జనవరిలో జరిగిన సంఘటన మన సముదాయం మరచిపోరాదు. క్లబ్‌హౌస్‌లో కొందరు ముస్లిం స్త్రీలను గురించి అత్యంత నీచంగా మాట్లాడిన సంభాషణ బయటపడింది. ఢిల్లీ పోలీసులు కేసు నమోదు చేశారు. ముంబై పోలీసులు హర్యానాకు చెందిన ముగ్గురు యువకులను అరెస్టు చేశారు. ఇందులో రెండు గుణపాఠాలున్నాయి. ఒకటి, తనను ఎవరూ గుర్తుపట్టరనుకున్న మనిషి నాలుక ఎంతకు దిగజారుతుందో తెలిసింది. రెండు, ఆ ముసుగు పోలీసుల ముందే నిలవలేదు. మరి సర్వం ఎరిగిన అల్లాహ్ ముందు ఎలా నిలుస్తుంది?

మనుషుల నుండి దాక్కోగలరు గానీ అల్లాహ్ నుండి దాక్కోలేరని, ఆయనకు నచ్చని మాటలు రాత్రివేళ రహస్యంగా అల్లుకుంటున్నప్పుడు కూడా ఆయన వారితోనే ఉంటాడని సూరా నిసా (4:108) తెలియజేస్తోంది. ఈ ఆయతును అర్థరాత్రి ఇయర్‌ఫోను పెట్టుకున్నవారు ఒకసారి గుర్తుచేసుకోవాలి. తిహామా కొండలంతటి సత్కర్మలతో వచ్చినా, ఏకాంతంలో అల్లాహ్ హద్దులను మీరినందువల్ల ఆ సత్కర్మలు ధూళిగా మారిపోయే జనం గురించి హజ్రత్ సౌబాన్ (రజి) ఉల్లేఖించారు (ఇబ్నె మాజా). వారు రాత్రివేళ ఆరాధన చేసేవారే కావడం మనల్ని వణికించాలి.

స్త్రీ పురుషుల సంభాషణ

ఇక్కడ ఒక అపోహను తొలగించుకుందాం. స్త్రీ గొంతు దానంతట అదే సత్ర్ కాదన్నది అత్యధిక ఉలమా అభిప్రాయం. మహిళలు దైవప్రవక్త (స) వద్దకు వచ్చి ధర్మసందేహాలు అడిగేవారు. హజ్రత్ ఆయిషా (రజి) తెర వెనుక నుండి ఎందరికో హదీసులు బోధించారు. కనుక వైద్యుడితో, ఉపాధ్యాయుడితో, దుకాణదారుతో అవసరం మేరకు మాట్లాడటాన్ని షరీఅత్ నిషేధించలేదు.

మరి హద్దు ఎక్కడ? సూరా అహ్‌జాబ్ (33:32) దైవప్రవక్త (స) సతీమణులను ఉద్దేశించి, హృదయంలో రోగమున్న వాడు ఆశపడేలా మెత్తగా మాట్లాడవద్దని, సవ్యమైన మాటే పలకమని ఆదేశించింది. విశ్వాసుల మాతలకే ఈ జాగ్రత్త అవసరమైతే ఇతరుల సంగతి చెప్పేదేముంది? అలాగని భారమంతా స్త్రీల మీద వేయడం అన్యాయం. సూరా నూర్‌లో చూపులు దించుకోమన్న ఆజ్ఞ ముందుగా పురుషులకే వచ్చింది (24:30), ఆ తర్వాతే స్త్రీలకు. చెల్లెలి ఫోను లాక్కుని, తాను మాత్రం రాత్రంతా అపరిచిత యువతులతో కబుర్లాడే అన్న, ఈ ఆయతుకు ఏం జవాబు చెబుతాడు?

'మేమిద్దరం ఒకేచోట లేము కదా, ఇది ఖల్వత్ ఎలా అవుతుంది?' అని కొందరు వాదిస్తారు. ఫిఖ్హ్ పరిభాషలో ఖల్వత్ అంటే పరాయి స్త్రీ పురుషులు ఒకే చోట ఏకాంతంగా ఉండటమే. ఫోను సంభాషణ ఆ నిర్వచనంలో పూర్తిగా ఇమడకపోవచ్చు. కానీ ఆ నిషేధానికి కారణం ఇక్కడా ఉంది. నాలుకకూ, చెవులకూ వ్యభిచారంలో భాగం ఉంటుందని, అది మాట, వినడం రూపంలో ఉంటుందని దైవప్రవక్త (స) హెచ్చరించారు (బుఖారీ, ముస్లిం). కనుక పని లేకుండా, ముచ్చట కోసం, పరాయి స్త్రీ పురుషులు చాటుగా మాట్లాడుకోవడం ధర్మసమ్మతం కాదు. ఒకే లింగానికి చెందినవారి మధ్య మంచి మాటలు స్వతహాగా ధర్మసమ్మతమే. అయితే పరోక్షనింద, అబద్ధం, అశ్లీలం, నమాజు వేళ దాటబెట్టడం అక్కడా నిషిద్ధమే. పైగా అవతలి గొంతు చెప్పుకుంటున్న పేరూ వయసూ నిజమేనని ఎవరు హామీ ఇస్తారు?

వివాహం, ధర్మవిద్య

'పెళ్లి ఉద్దేశంతోనే మాట్లాడుకుంటున్నాం' అనేవారూ ఉన్నారు. హజ్రత్ ఫాతిమా బిన్తె ఖైస్ (రజి)కు ఇద్దరు ప్రముఖుల నుంచి సంబంధాలు వచ్చినప్పుడు ఆమె దైవప్రవక్త (స)ను సంప్రదించారు. ఆయన వారిద్దరి స్థితిగతులను దాపరికం లేకుండా చెప్పి, హజ్రత్ ఉసామా (రజి)ను వివాహమాడమని సలహా ఇచ్చారు (ముస్లిం). సహాబీల కాలంలోనే విచారించి పెళ్లి చేసుకోవలసి వస్తే, పేరు కూడా నిజమో కాదో తెలియని వాడి తియ్యటి మాటలు నమ్మి జీవితాన్ని అప్పగించడం ఎంతటి అమాయకత్వం! నిజంగా ఉద్దేశం ఉన్నవాడు అబ్బాజాన్‌తో మాట్లాడతాడు, ఇంటివారిని పంపుతాడు. 'ఇంట్లో చెప్పకు' అన్నవాడి ఉద్దేశం ఆ మాటలోనే తెలిసిపోతోంది.

ధర్మ విషయమూ ఇంతే. హదీసు శాస్త్రంలో ఎవరో తెలియని ఉల్లేఖకుణ్ణి 'మజ్‌హూల్' అంటారు. మధ్యలో అలాంటి వ్యక్తి ఉంటే ఆ ఉల్లేఖనం బలహీనమవుతుంది. మాట ఎంత అందంగా ఉన్నా, మన పెద్దలు ముందు అడిగింది 'చెప్పిందెవరు?' అనే. అలాంటిది అపరిచిత గొంతు తలాఖ్ గురించో, ఫత్వా గురించో చెబితే దాన్ని ఎలా అనుసరిస్తాం? మీ మస్జిద్ ఇమామ్‌ను, తెలిసిన ఆలిమ్‌ను అడగండి.

తల్లిదండ్రులకు ఒక మాట

విషయం తెలియగానే ఫోను పగలగొట్టడం, కొట్టడం, చదువు మాన్పించడం పరిష్కారం కాదు. ఒక యువకుడు వ్యభిచారానికే అనుమతి అడగటానికి దైవప్రవక్త (స) సన్నిధికి వచ్చాడు. అక్కడున్నవారు అతన్ని గద్దించారు. ఆయన మాత్రం దగ్గరకు పిలిచి కూర్చోబెట్టుకుని, 'నీ తల్లి విషయంలో దీన్ని ఇష్టపడతావా? నీ కూతురి విషయంలో?' అని ఒక్కొక్కటిగా అడిగారు. తర్వాత అతని మీద చేయి వేసి దుఆ చేశారు (ముస్నద్ అహ్మద్). కారుణ్యమూర్తి పద్ధతి ఇది. మీ బిడ్డ మాట వినడానికి ఇంట్లో ఎవరూ లేకపోతే బయట వినేవారు చాలామందే ఉన్నారు. ఇషా తర్వాత అరగంట ఫోన్లు పక్కనబెట్టి పిల్లలతో కూర్చోండి. గల్ఫ్‌లో ఉన్న తండ్రి డబ్బు పంపి ఊరుకోకుండా ఫోనులో బిడ్డ కబుర్లు కూడా అడగాలి. రాత్రివేళ ఫోన్లన్నీ హాలులో ఒకచోట ఉంచాలి. పెద్దల ఫోన్లు కూడా!

ఇప్పటికే చిక్కుకున్నవారికి

రికార్డు చేసిన మాటలతో, ఫోటోలతో ఎవరైనా బెదిరిస్తున్నారా? డబ్బు పంపవద్దు. ఒకసారి ఇస్తే మళ్లీ అడుగుతాడు. సందేశాలు చెరిపేయకండి, అవే సాక్ష్యాలు. ఇంట్లో నమ్మకమైన పెద్దకు చెప్పండి. డబ్బు పోతే వెంటనే 1930కి ఫోను చేయండి. కేంద్ర ప్రభుత్వ సైబర్ నేరాల పోర్టల్‌లోనూ, దగ్గరి పోలీసు స్టేషన్‌లోనూ ఫిర్యాదు చేయవచ్చు. పిల్లల కోసం 1098, స్త్రీల కోసం 181 ఉన్నాయి.

'పాపాన్ని బయటపెట్టకూడదు కదా' అన్న సందేహం రావచ్చు. నిషిద్ధమైనది పాపాన్ని గొప్పగా చాటుకోవడం. అన్యాయం నుంచి కాపాడమని అడగడం అందులోకి రాదు. జరిగిన తప్పుకు అల్లాహ్ సన్నిధిలో తౌబా చేయండి. ఆ ద్వారం మూతపడలేదు. పరువు పోతుందని ప్రాణం తీసుకోవాలన్న ఆలోచనను దరిచేరనివ్వకండి. అల్లాహ్ కారుణ్యం పట్ల నిరాశ చెందవద్దని సూరా జుమర్ (39:53) ఆజ్ఞాపించింది తమపై తాము అన్యాయం చేసుకున్నవారినే.

చివరగా ఒక చిన్న పరీక్ష. ఏ గొంతుతోనైనా మాట్లాడే ముందు మూడు ప్రశ్నలు వేసుకోండి: ఈమె లేక ఇతను ఎవరో నాకు తెలుసా? ఈ మాటలు అమ్మీ అబ్బాల ముందు మాట్లాడగలనా? రేపు నా కర్మలపత్రంలో వీటిని చదువుకోగలనా? జవాబు 'లేదు' అయితే మౌనమే మేలు. అల్లాహ్‌ను, అంతిమదినాన్ని విశ్వసించేవారు మంచి పలకాలి, లేదా మౌనం వహించాలి అన్నదే కదా మన ప్రవక్త (స) బోధ!

ఓ అల్లాహ్! మా నాలుకలను, చెవులను, మా సంతానాన్ని కాపాడు. మా బాహ్యం కన్నా మా అంతరంగాన్ని ఉత్తమం చెయ్యి. మా ఇళ్లను ఒకరి గోడు ఒకరు వినే ఇళ్లుగా మార్చు. ఆమీన్.