పోటీ పరీక్షల ప్రత్యేకం: తెలంగాణ రాజముద్ర చిత్రకారుడు ఏలె లక్ష్మణ్

సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ అభ్యర్థులు తప్పక తెలుసుకోవాల్సిన మన ఉమ్మడి నల్లగొండ జిల్లా చిత్రకారుడు ఏలె లక్ష్మణ్.

- స్వగ్రామం: కదిరేనిగూడెం. 2016 అక్టోబర్ 11 జిల్లాల పునర్విభజనతో యాదాద్రి భువనగిరి జిల్లాలోకి వెళ్లింది. సూర్యాపేట, కోదాడ సూర్యాపేట జిల్లాలోకి రాగా, మిర్యాలగూడ నల్లగొండలోనే ఉంది.
- నేపథ్యం: చేనేత కుటుంబం. మొదట సైన్‌బోర్డులు రాశారు. తర్వాత హైదరాబాద్ జేఎన్‌టీయూలో ఫైన్ ఆర్ట్స్ చదివారు.
- శైలి: మానవ రూపచిత్రణ. తెలంగాణ పల్లె మనుషులే ఆయన బొమ్మల్లో ప్రధానం.
- రాజముద్ర: లక్ష్మణ్ రూపొందించిన ఈ చిహ్నం 2014 జూన్ 2న రాష్ట్రావతరణతో అమల్లోకి వచ్చింది. కాకతీయ కళాతోరణం, దాని మధ్య చార్మినార్, పైన నాలుగు సింహాల చిహ్నం. రాష్ట్ర ప్రభుత్వం పేరు తెలుగు, ఇంగ్లిష్, ఉర్దూ భాషల్లో ఉంటుంది.
- పొరబడవద్దు: పెద్ద బొట్టు, నిండు రంగుల చీరల స్త్రీలను చిత్రించేది తోట వైకుంఠం. ఆయన స్వగ్రామం ఉమ్మడి కరీంనగర్ జిల్లా బూరుగుపల్లి. మరో చిత్రకారుడు కాపు రాజయ్యది సిద్దిపేట.

మాదిరి ప్రశ్న: తెలంగాణ రాజముద్ర రూపకర్త ఎవరు?
1) కాపు రాజయ్య 2) తోట వైకుంఠం 3) ఏలె లక్ష్మణ్ 4) కొండపల్లి శేషగిరిరావు
జవాబు: 3