సర్వేల గాలి – మనస్సాక్షి వెలుగు



ఎన్నికలు వచ్చాయంటే చాలు, ఎవరికెన్ని సీట్లో సర్వేలు ముందే లెక్కగట్టి చెబుతుంటాయి. అవి విని, “ఓడిపోయేవాడికి వేసి ఓటు పాడుచేసుకోవడమెందుకు?” అనేవారు మన విచారణల్లోనూ ఉన్నారు. ఈ మాటను కాస్త పరిశీలిద్దాం.

అన్నం ఉడికిందో లేదో ఒక్క మెతుకు పట్టి చూస్తే తెలుస్తుందంటారు. సర్వేకూ అదే ఆధారం. అన్ని వర్గాల నుండి తగిన పాళ్లలో కొన్ని వేలమందిని అడిగి, లక్షలమంది మనసును అంచనా వేస్తారు. అయితే మెతుకు ఏదీ దాచుకోదు, మనిషి దాచుకుంటాడు. భయంతోనో, మొహమాటంతోనో ఒకటి చెప్పి మరొకటి చేస్తాడు. పైగా ఓట్ల శాతాన్ని సీట్లలోకి మార్చేటప్పుడు చిన్న తేడా వచ్చినా లెక్క తారుమారవుతుంది.

2018 తెలంగాణ శాసనసభ ఎన్నికలే ఇందుకు నిదర్శనం. సర్వేలకు పేరుపొందిన మాజీ ఎం.పి. లగడపాటి రాజగోపాల్ 8 నుండి 10 మంది స్వతంత్రులు గెలుస్తారని పోలింగుకు ముందే ప్రకటించారు. డిసెంబరు 7న పోలింగు ముగిశాక, ప్రజాకూటమిదే విజయమన్నారు. 11న ఓట్లు లెక్కిస్తే 119 స్థానాలలో నాటి తెలంగాణ రాష్ట్ర సమితికి 88 వచ్చాయి. గెలిచిన స్వతంత్రుడు ఒక్కరే. ఆ జోస్యం నమ్మి ఓటు మార్చుకున్నవారెవరైనా ఉంటే, వారు మోసపోయినట్లే గదా!

సరే, సర్వే నిజమే చెప్పిందనుకుందాం. అప్పుడైనా అది చెప్పేది ఏమి జరగబోతుందో మాత్రమే. ఏమి జరగాలో కాదు. మొదటిది లెక్కల పని, రెండవది మనస్సాక్షి పని. అందరూ గెలిచేవాడికే వేయాలనుకుంటే, ప్రజల తీర్పును సర్వేయే రాసినట్లవుతుంది.

పిలాతు యేసులో ఏ నేరమూ కనుగొనలేదు. అయినా జనసమూహాన్ని మెప్పించడానికి బరబ్బను విడిచిపెట్టాడు. ఎక్కువమంది కోరినదే న్యాయమనుకుంటే ఎంతటి ఘోరం జరుగుతుందో మార్కు సువార్త 15వ అధ్యాయం తెలుపుతున్నది.

పోలింగు ముగియడానికి ముందు 48 గంటలపాటు టీవీలలో అభిప్రాయ సర్వేల ప్రసారంపై నిషేధం ఉంది. అంతకుముందు వారాల తరబడి వినిపించే హోరునుండి మనలను కాపాడేది మన వివేకమే. ఉమ్మడి మేలుకోసం స్వేచ్ఛగా ఓటు వేయడం మన హక్కు మాత్రమే గాక బాధ్యత కూడా అని 1965లో రెండవ వాటికన్ మహాసభ బోధించింది.

కనుక ఈసారి “ఎవరు గెలుస్తారు?” అని అడగకండి. ఈ అభ్యర్థి పేదల పక్షాన నిలుస్తాడా? డబ్బు పంచకుండా ఓటు అడుగుతున్నాడా? అన్ని మతాలవారినీ సమానంగా చూస్తాడా? అని అడగండి. ఆ జవాబును బట్టి వేసిన ఓటు, అభ్యర్థి ఓడినా వృథా కాదు.